గెంతుల గంగులు డిప్యుటేషన్

తణుకులో యంత్ర విధేయతా కార్యాలయం ఎక్కడని అడిగితే ఎవరూ చెప్పలేరు. పాత ఎరువుల గోడౌను మేడ మీద అంటే మాత్రం వెంటనే చూపిస్తారు. అక్కడ నేను సీనియర్ అసిస్టెంటును. పేరు నిట్టల భాస్కరం. పద్దెనిమిదేళ్ళ సర్వీసులో ఒక్క ఫైలూ పోగొట్టలేదు, ఒక్క ఫైలూ తేల్చలేదు. నాకున్న మంచి పేరంతా ఆ రెండో సుగుణం వల్ల వచ్చిందే.

మా కార్యాలయానికి పని ఒకటే. ఏ కంపెనీ వీడియోగేము ఆ కంపెనీ యంత్రంలోనే ఆడుతున్నారా లేదా అని చూడటం. గరుడ కంపెనీ ఆటను గరుడ యంత్రంలో ఆడితే విధేయత. అదే ఆటను మయూర కంపెనీ యంత్రంలో ఆడితే ద్రోహం. దీనికి 'స్వగృహ వినోద నియమావళి' అని మూడొందల పన్నెండు పేజీల పుస్తకం ఉంది. అందులో వినోదం అనే మాట అట్ట మీద తప్ప ఇంకెక్కడా కనిపించదు. ఆటలకే విధేయత లేకపోతే ఆడేవాళ్ళకేం ఉంటుందని పైన ఎవరికో ఒక ఉదయం కాఫీ తాగుతూ తోచిందట. మంచి ఆలోచన తోస్తే మనవాళ్ళు ఊరుకోరు కదా, దానికో శాఖ పెట్టేశారు.

రెండేళ్ళలో మాకు ఒక్క కేసూ రాలేదు. అలాగని ఊళ్ళో ద్రోహం లేదని కాదు. తక్కువలో తక్కువ రెండొందల మంది ఒకరి ఆటను ఇంకొకరి యంత్రంలో శుభ్రంగా ఆడుకుంటున్నారు. వాళ్ళు వచ్చి చెప్పరు, మేం వెళ్ళి అడగం. ఇరుపక్షాలా మర్యాద పాటిస్తూ కాలం గడుపుతున్నాం. ఆ మర్యాదను చెడగొట్టినావిడ కంచర్ల మాణిక్యాంబ గారు. ఆవిడ అనుమతి అడిగారు.

మాణిక్యాంబ గారు ముప్పై ఒక్క ఏళ్ళు టైపు ఇన్‌స్టిట్యూట్ నడిపారు. మా ఆఫీసులో నలుగురం ఆవిడ దగ్గరే లోయరు పాసయ్యాం, నేను రెండో ప్రయత్నంలో. మార్జిను ఒక గీత జరిగితే కాగితం చింపించి మళ్ళీ కొట్టించేవారు. అర్జీ అంటే రెండు ప్రతులు, జవాబు అంటే లిఖితపూర్వకం, రూలంటే రూలు. లోకమంతా అలాగే నడుస్తోందని ఈనాటికీ నమ్ముతున్న మనిషి.

చెల్లెలి కూతురు హైమ చెయ్యి పట్టుకుని ఆవిడ మా మెట్లెక్కి వచ్చేసరికి నేను కుర్చీలోంచి లేచి నిలబడ్డాను. కుడిచేతిని కొంగులో ఒదిగించి పెట్టుకున్నారు. తొమ్మిది నెలల క్రితం పక్షవాతం వచ్చిందని విన్నాను గానీ చూడటానికి వెళ్ళలేదు. వెళ్ళి ఉండాల్సింది.

"కాలొచ్చింది, మాటొచ్చింది, నాలుగు వేళ్ళూ దారికొచ్చాయి భాస్కరం. ఈ బొటనవేలొక్కటే మొరాయిస్తోంది" అన్నారు కూర్చుంటూ. "అన్నం కలపడానికి నాలుగు వేళ్ళు చాలు. ముద్దని నోట్లోకి తొయ్యాలంటే బొటనవేలు కావాలి. ఆ సంగతి తెలియడానికి నాకు అరవై నాలుగేళ్ళు పట్టింది."

"చెంచాతో నేనే పెడతన్నానండి. తినదు. రెండు చెంచాలు తిని చాలంటాది" అంది హైమ.

"దీన్నేం అనకు, బంగారంలాంటి పిల్ల. కానీ ఇంకోళ్ళు పెడితే పప్పూ చారూ ఒకే రుచిరా నాయనా. నాకు ఆకలేసినప్పుడు కాదు, దానికి తీరికైనప్పుడు నమలాలి. నా కూడు నా చేత్తో తినాలి. అంతకంటే నాకేం అక్కర్లేదు."

విషయమేమిటంటే, వేలికి కసరత్తు చేయించే డాక్టరు ఒక ఆట ఆడమన్నాడు. గరుడ కంపెనీ వాళ్ళ 'గెంతుల గంగులు'. ఎర్ర తలగుడ్డ కట్టుకున్న ఒక బుల్లి మనిషి కాలువలో ఒక పడవ మీంచి ఇంకో పడవ మీదకి గెంతుతుంటాడు. మీట కొంచెం నొక్కితే చిన్న గెంతు, నొక్కిపట్టి వదిలితే పెద్ద గెంతు. అంతా బొటనవేలి పనే. అయితే గరుడ వాళ్ళ యంత్రం సన్నికల్లంత బరువు, పైగా దానికి మీటలుండవు, అంతా గాజు పలకే. ఆవిడ వేలు దాని మీద జారిపోతుంది. హైమ చిన్నప్పుడు కొన్న మయూర వాళ్ళ పాత యంత్రం అటక మీద దొరికింది. అరచేతిలో ఒదుగుతుంది, మీట పైకి లేచి ఉంటుంది, నొక్కితే వేలికి ఎదురు తిరుగుతుంది. మయూర వాళ్ళు దాన్ని తయారుచెయ్యడం మానేసి తొమ్మిదేళ్ళయింది, దానికి కొత్త ఆటలు రావు. గరుడ వాళ్ళ ఆటను రసీదుతో సహా కొని, సెల్‌ఫోన్లు బాగుచేసే జిలానీ చేత ఆ పాత యంత్రంలో పెట్టించారు. నెల ఆడేసరికి వేలు చిటికెనవేలి దాకా వంగింది. అప్పుడెవరో ఈ రూలు సంగతి చెప్పారట. ఆవిడ ఆ రాత్రే ఆట ఆపేసి, పొద్దున్నే అర్జీ తయారు చేసుకొచ్చారు. రెండు ప్రతులు.

మా డివిజనల్ విధేయతాధికారి ఎర్రంశెట్టి ధనుంజయరావు గారు ఆ అర్జీ చదివి లేచి నిలబడ్డారు. వలలో పులస పడ్డవాడి మొహం ఎలా ఉంటుందో అలా ఉంది ఆయన మొహం.

"భాస్కరం! సదరు అర్జీదారు స్వహస్తాలతో నేరాన్ని ధ్రువీకరించియున్నారు!"

"నేరం కాదండీ, అనుమతి అడుగుతున్నారు."

"అనుమతి కోరుట యనగా, ఇంతవరకు అనుమతి లేదని అంగీకరించుటయే గదా?"

పంచనామా జరిగింది. పాత యంత్రాన్ని గుడ్డసంచీలో కట్టి, లక్క సీలు వేసి, స్టీలు బీరువాలో పెట్టారు. రెండేళ్ళుగా ఆ బీరువాలో ధనుంజయరావు గారి గొడుగు తప్ప ఇంకేం లేదు. మొదటిసారి దానికి గౌరవం వచ్చింది.

"ఎన్నాళ్ళకిస్తారండి?" అని అడిగింది హైమ.

"అది ఫైలు యొక్క స్వభావాన్ని బట్టి ఉండునమ్మా."

"మరి వేలి సొబావం సంగతేంటండి? ఆడకపోతే మళ్ళీ బిగుసుకుపోద్దన్నారండి డాక్టరుగారు."

"వేలు మా పరిధిలోనికి రాదు" అన్నారాయన, చాలా మర్యాదగా.

మాణిక్యాంబ గారు రసీదు ఇమ్మని అడిగి, దాన్లో తేదీ సరిగా ఉందో లేదో చూసుకుని, మెట్లు దిగి వెళ్ళిపోయారు. నాకు సిగ్గేసింది. ఆ మధ్యాహ్నం క్యారియరు విప్పి ముద్ద కలిపాను గానీ బొటనవేలి వంక చూస్తే తినబుద్ధి కాలేదు.

పన్నెండు రోజులు ఆలోచించాను. పదమూడో రోజు నాకొక ఉపాయం తట్టింది. ఉపాయమనే అప్పట్లో అనుకున్నాను. నిజానికి నేను పశుసంవర్ధక శాఖ మనిషిని. ఇక్కడికి డిప్యుటేషన్ మీద వచ్చాను. ఒక శాఖ మనిషి ఇంకో శాఖలో కూర్చుని పనిచేస్తే దాన్ని ద్రోహం అనరు, డిప్యుటేషన్ అంటారు, పైగా అలవెన్సు ఇస్తారు. అలాంటప్పుడు గరుడ వాళ్ళ గంగులు మయూర వాళ్ళ యంత్రంలో గెంతితే తప్పెలా అవుతుంది? అదే నోట్‌ఫైల్లో రాసి పుటప్ చేశాను.

ధనుంజయరావు గారు మూడుసార్లు చదివారు. కళ్ళజోడు తీసి తుడుచుకున్నారు.

"భాస్కరం, నీలో ఇంత పరిపాలన ఉన్నదని నేను ఊహించియుండలేదు."

మర్నాడే గంగులు పేర సర్వీసు రిజిస్టరు తెరిచారు. తండ్రి పేరు: తెలియరాలేదు. ఎత్తు: రెండు సెంటీమీటర్లు. గుర్తింపు చిహ్నం: ఎర్ర తలగుడ్డ. పుట్టినతేదీ దగ్గర చిక్కొచ్చింది. ఆట విడుదలై నాలుగేళ్ళే అయింది, నాలుగేళ్ళవాడి చేత పని చేయిస్తే బాలకార్మిక చట్టం అడ్డొస్తుంది. రెండు రోజులు చర్చించాక, సదరు ఉద్యోగికి మీసాలున్నాయి కనుక మేజరుగా పరిగణించవచ్చునని నిర్ణయించారు. యంత్రం తయారీ ఆగిపోయింది కాబట్టి అది పదవీ విరమణ చేసినట్టు లెక్క. దాన్ని పదకొండు నెలల కాంట్రాక్టు మీద తిరిగి తీసుకున్నారు. గరుడ కంపెనీకి నిరభ్యంతర పత్రం కోసం రాశాం, జవాబు రాలేదు, అభ్యంతరం ఉంటే జవాబు వచ్చేదని రాసుకున్నాం.

ఉత్తర్వులు వచ్చాయి. శ్రీ గెంతుల గంగులు డివిజనల్ కార్యాలయం హెడ్‌క్వార్టరుగా, ఉదయం పదిన్నర నుంచి సాయంత్రం అయిదు వరకు, భోజన విరామం పోను, గెంతవలెను. ఆదివారాలు, రెండో శనివారాలు గెంతరాదు. శ్రీమతి మాణిక్యాంబ ఆయనకు సహాయకురాలిగా వ్యవహరించవలెను. ఈ సౌకర్యం లబ్ధిదారు బొటనవేలు పనిచేయని కాలం వరకు మాత్రమే వర్తించును.

ఆ చివరి వాక్యాన్ని నేనే టైపు చేశాను. అప్పుడు పట్టించుకోలేదు.

మాణిక్యాంబ టీచరుగారు రోజూ ఆటోలో వచ్చేవారు. నా టేబులు పక్కన స్టూలు మీద కూర్చుని, గంగులు తరఫున హాజరుపట్టీలో ఎడమచేత్తో సంతకం పెట్టి, ఆట మొదలుపెట్టేవారు. ఒంటిగంటన్నరకి హైమ క్యారియరుతో వచ్చి చెంచాతో తినిపించేది. వేలు మళ్ళీ కదలడం మొదలైంది.

మూడో రోజున గంగులు చచ్చిపోయాడు.

ఆటలో వాడికి మూడు ప్రాణాలు. మూడూ వరసగా కాలువలో పడ్డాయి. తెర మీద 'కథ ముగిసింది' అని వచ్చింది. అటుగా వెళుతున్న ధనుంజయరావు గారు అది చదివి, చెప్పులు విడిచి లోపలికొచ్చారు. సర్వీసులో ఉండగా మరణం. అప్పటికప్పుడు సంతాప సభ పెట్టారు. అటెండరు కింద కొట్టుకి పరిగెత్తి బంతిపూల దండ తెచ్చి యంత్రానికి వేశాడు.

"కాలువ లోతు తెలిసియుండియు కర్తవ్యదీక్షతో గెంతిన ఉద్యోగి గంగులు" అన్నారు ధనుంజయరావు గారు దండ సర్దుతూ. "సెలవు పెట్టి ఎరుగడు. ఎదురు చెప్పి ఎరుగడు. ఆయన లేని లోటు పూడ్చలేనిది. అందరూ రెండు నిమిషాలు మౌనం పాటించవలెను."

నిమిషం గడిచిందో లేదో బంతిపూల కిందనుంచి పీపీమని సంగీతం వినిపించింది. దండ పక్కకి జరిపి చూశాం. గంగులు మొదటి పడవ మీద నిలబడి నడుము అటూ ఇటూ తిప్పుతున్నాడు.

"ఎవరితను?" అన్నారు ధనుంజయరావు గారు.

"గంగులేనండీ."

"గంగులు పరమపదించినట్లు ఇప్పుడే గదా తీర్మానించితిమి?"

పోలికలు ఉన్నాయి కనుక వారసుడై ఉంటాడని తేల్చారు. అంటే కారుణ్య నియామకం. దానికి వారసత్వ ధ్రువపత్రం కావాలి, ఇంట్లో ఇంకెవరూ సంపాదించడం లేదని తహసీల్దారు చెప్పాలి, తక్కువలో తక్కువ ఏడు నెలలు. టీచరుగారు ఎడమచేత్తో కుడి బొటనవేలిని నొక్కుకుంటూ నా వంక చూశారు. లోయరు పరీక్షలో నేను తప్పులు కొడుతుంటే చూసిన చూపే.

ఆ సాయంత్రం ఇంకో నోటు రాశాను. ఉద్యోగి కనిపించకుండా పోయింది పావుగంటే కనుక, దాన్ని మరణంగా కాక గైర్హాజరుగా భావించి, ఒక పూట క్యాజువల్ లీవు కింద సర్దవచ్చునని. ఆమోదించారు. ఏడాదికి పదిహేను క్యాజువల్ లీవులు, అంటే ముప్పై పూటలు. గంగులు ఏడాదికి ముప్పైసార్లు మాత్రమే చావవచ్చు.

అప్పటినుంచి టీచరుగారి ఆట మారిపోయింది. మునుపు మీటని గుద్దేవారు. ఇప్పుడు ఒక్కో గెంతునీ కొలిచి, ఊపిరి బిగబట్టి, వేలిని నెమ్మదిగా దించి నెమ్మదిగా తీసేవారు. చుట్టూ మేం నలుగురం నిలబడి "ఆగండి, ఆగండి, ఇప్పుడు వదలండి" అని అరిచేవాళ్ళం. రెండు నెలల్లో వాడు మూడుసార్లే చచ్చాడు. పధ్నాలుగో అంకం దాటి పదిహేనులో అడుగుపెట్టబోతుంటే మాత్రం ధనుంజయరావు గారు ఆపించారు. పై అంకానికి పోవడమంటే ప్రమోషను, డిప్యుటేషన్ మీద ఉన్నవాడికి ప్రమోషను మాతృసంస్థే ఇవ్వాలి. అందుకని ఆవిడ పధ్నాలుగునే మళ్ళీ మళ్ళీ ఆడారు. అన్నీ పొడుగు గెంతులే ఉన్న అంకం అది. వేలికి అదే మంచిదయింది.

ఈలోగా మా కేసు పైకి పాకింది. రాష్ట్రం మొత్తం మీద నియమావళి కింద నడుస్తున్న ఫైలు ఇదొక్కటే. దాంతో 'గంగులు విభాగం' మంజూరయింది. ఒక సూపరింటెండెంటు, ఇద్దరు గుమాస్తాలు, ఒక అటెండరు, గంగులు గారి పర్యటనల నిమిత్తం ఒక జీపు. రెండు సెంటీమీటర్ల మనిషికి జీపెందుకని ఎవరూ అడగలేదు. ధనుంజయరావు గారికి జిల్లా అధికారి హోదా వస్తుందని కూడా వినికిడి. కమిషనర్ గారు స్వయంగా వచ్చి లబ్ధిదారు బొటనవేలు పనిచేయడం లేదని తనిఖీ చేసి సంతకం పెడితే, అన్నీ శాశ్వతమవుతాయి.

కమిషనర్ గారు పదకొండుకి వస్తామని ఒంటిగంటన్నరకి వచ్చారు. సన్నటి మనిషి, పెద్ద డైరీ. హాలు మధ్యలో కుర్చీ వేశాం. సరిగ్గా అప్పుడే హైమ క్యారియరు తెచ్చింది. వేడన్నం, ముద్దపప్పు, దోసావకాయ, చిన్న సీసాలో నెయ్యి. విస్తరాకు పరిచి వడ్డించి, అలవాటు ప్రకారం చెంచా తీసింది.

"చెంచా లోపల పెట్టెయ్యి" అన్నారు మాణిక్యాంబ గారు.

కమిషనర్ గారు పెన్ను కోసం జేబులు వెతుక్కుంటున్నారు. ధనుంజయరావు గారు రెండంగల్లో విస్తరి దగ్గరికొచ్చారు.

"అమ్మా, తమరు తినరాదు. అనగా, తినవచ్చును. స్వయంగా తినరాదు."

"ఏం?"

"లబ్ధిదారు వేలు పనిచేసినచో విభాగము రద్దగును. నాలుగు ఉద్యోగములమ్మా! ఒక జీపు!" ఆయన గొంతు ఒక్కసారిగా తగ్గింది, భాష కూడా తగ్గింది. "ఇరవై రెండేళ్ళ సర్వీసమ్మా నాది. ఇన్నాళ్ళకి ఒక ఫైలు నడిచింది. ఈ ఒక్క పూటకి నేను పెడతానమ్మా. మా అమ్మకి కూడా ఎప్పుడూ పెట్టలేదు, మీకు పెడతాను." అంటూ హైమ చేతిలో చెంచా లాక్కుని, పప్పన్నం తీసి ఆవిడ నోటి దగ్గర పట్టుకున్నారు.

హైమ కూడా కిందకి వంగి మెల్లిగా అంది. "పెద్దమ్మా, ఆయన చెప్పింది వినవే. వేలింకా సగమే వచ్చింది. ఇయ్యాల తిన్నావంటే ఆట తీసేసుకుంటారు. మిగతా సగం ఎక్కడినుంచొస్తాది?"

అది నిజమే. ఆవిడకీ తెలుసు. చెంచా వంకా, స్టూలు మీద వెలుగుతున్న యంత్రం వంకా, తన వేలి వంకా చాలాసేపు చూశారు.  ఒక పూట పెట్టించుకుంటే ఏడాదిపాటు కసరత్తు. ఎవరైనా ఏం చేస్తారు?

"ఇన్నాళ్ళూ చెయ్యి రాక పెట్టించుకున్నాను" అన్నారు చివరికి. "వచ్చిన చేతిని రాలేదని చెప్పి కూర్చుంటే అది రోగం కాదు బాబూ, ఉద్యోగం. నాకొద్దు."

కుడిచేతిని కొంగులోంచి తీసి విస్తట్లో పెట్టారు. నెయ్యి పోయమన్నారు. నాలుగు వేళ్ళతో పప్పన్నం కలిపారు. ముద్ద చేసి ఎత్తారు. వేలు వణికింది, ముద్ద జారి ఒళ్ళో పడింది. కమిషనర్ గారు డైరీ తెరిచి 'పనిచేయుట లేదు' అని రాయడం మొదలుపెట్టారు. ధనుంజయరావు గారు హమ్మయ్య అని ఊపిరి వదిలారు.

రెండో ముద్ద చిన్నది చేశారు. ఆవకాయ బద్ద కొంచెం తుంచి దానికి అద్దారు. చెయ్యి పైకి లేచింది. పెదాల దగ్గర ఆగింది. పధ్నాలుగో అంకంలో గంగుల్ని గెంతించేటప్పుడు ఎలా ఊపిరి బిగబట్టేవారో అలా బిగబట్టి, బొటనవేలిని నెమ్మదిగా తోశారు. ముద్ద లోపలికి వెళ్ళింది.

ఆవిడ కళ్ళు మూసుకుని నమిలారు. తొందరేం లేదు. హైమ కొంగు నోట్లో కుక్కుకుని ఏడుస్తోంది. నాకూ కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి, నేనేం దాచుకోలేదు.

కమిషనర్ గారు రాసింది కొట్టేసి 'పనిచేయుచున్నది' అని రాశారు. అక్కడే నిలబడి ఉత్తర్వులు చదివారు. లబ్ధిదారుకు స్వస్థత చేకూరినందున విభాగము రద్దు. జీపు రద్దు. శ్రీ గంగులు మాతృసంస్థకు తిరిగి అప్పగింత. యంత్రము జప్తు. అటెండరు వచ్చి స్టూలు మీద యంత్రాన్ని ఆపుచేసి గుడ్డసంచీలో కట్టుకుపోయాడు.

"మరి మిగతా సగం?" అంది హైమ.

"ఇంకేం ఆటే, రోజుకి రెండు పూటలా అన్నం తింటాను. అంతకన్నా కసరత్తేముంది? దీనికి ఎవరి అనుమతీ అక్కర్లేదు" అన్నారావిడ మరో ముద్ద కలుపుతూ.

కమిషనర్ గారి కారు వెళ్ళిపోయింది. ధనుంజయరావు గారు ఇంకా అక్కడే ఉన్నారు, చేతిలో చెంచా, చెంచాలో ఆరిపోయిన పప్పన్నం. పొద్దున్నుంచీ కమిషనర్ గారి కోసం ఎదురుచూస్తూ ఆయనేం తినలేదని అందరికీ తెలుసు. మాణిక్యాంబ గారు తలెత్తి చూశారు.

"ఆ చెంచా పారేసి ఇలా చెయ్యి పట్టండి" అన్నారు.

ఆయన చెంచా కింద పెట్టారు. చెయ్యి పట్టారు. ఆవిడ ముద్ద చేసి, బొటనవేలితో జాగ్రత్తగా ఆయన అరచేతిలోకి జార్చారు. ఇది ఏ నిబంధన కిందకి వస్తుందో అడుగుతారని చూశాను. అడగలేదు, నోట్లో పెట్టుకున్నారు. ఆవకాయ ఘాటుకి కళ్ళు తుడుచుకున్నారు.

రెండో ముద్దకి ఆయనే చెయ్యి చాపారు.